నాలుగు వారాల పరిశీలన

"హైకోర్టు ఆదేశం మాకు శిరోధార్యం. పిటిషన్‌ని నాలుగు వారాలు పరిశీలించమన్నారు, పరిశీలిస్తాం. ఒక్క పూట తగ్గినా నా పేరు గజానన్ టెంబే కాదు" అని ముంబైలో బ్యాంకుల నియంత్రణ సంస్థ పెద్దసారు విలేకరులకు ప్రకటించారు.

కోర్టు అన్నది "నాలుగు వారాల్లోగా" అని. కానీ టెంబే గారు అంత పిసినారి కాదు. పైగా ఆయన రిటైరయ్యేది సరిగ్గా ఇరవై ఎనిమిదో రోజున. ముప్పై ఆరేళ్ల సర్వీసులో తన సంతకం వల్ల ఎవరికీ మేలు గానీ కీడు గానీ జరగలేదన్న పేరుంది ఆయనకి. చివరి నెలలో ఆ పేరు పోగొట్టుకుంటారా?

ఆ పిటిషన్ పెట్టింది ఇచల్‌కరంజిలోని కోటేశ్వరి మగ్గాల సహకార బ్యాంకు. ఆర్నెల్ల కిందట సంస్థవారు వచ్చి దాని షట్టరుకి సీలు వేసి పోయారు. దీపావళిలోగా ఆ షట్టరు లేవకపోతే నేతగాళ్లు నూలు కొనలేరు. నూలు లేకపోతే మగ్గం ఆడదు.

పరిశీలన మొదలైంది. రోజూ పదకొండింటికి ప్యూను పిటిషన్‌ని ట్రేలో పెట్టి తెచ్చేవాడు. టెంబే గారు కళ్లజోడు తుడుచుకుని దాన్ని అరగంట చూసేవారు. ముందువైపు కాసేపు, వెనకవైపు కాసేపు. కట్టిన ఎర్రదారం మాత్రం విప్పేవారు కాదు. రిజిస్టర్లో "పరిశీలించడమైనది" అని స్టాంపు వేయించి, టీ తెప్పించుకునేవారు.

రెండో వారం బ్యాంకు అధ్యక్షురాలు విమల్‌తాయి మగ్‌దూమ్ వచ్చింది.

"చదివారా సాహెబ్?"

"పరిశీలించమన్నారు తాయీ. చదవమని ఎక్కడుందో చూపించండి."

ఆమె కోర్టు కాగితం అటూ ఇటూ తిప్పింది. ఎక్కడా లేదు.

"పోనీ నేనే చెబుతా, రెండు ముక్కలు. అసలా సీలు..."

"ఆగండాగండి. విషయం నా చెవిన పడితే ఇక నిష్పక్షపాతం ఎక్కడుంటుంది? టీ తాగండి."

"పెళ్లిచూపుల్లో పిల్లని కూడా ఇన్నిసార్లు చూడరు సాహెబ్. చూసినవాళ్లు పేరైనా అడుగుతారు" అంది విమల్‌తాయి. ఆ టీ ముట్టుకోలేదు.

మూడో వారం పన్నెండుమంది నేతగాళ్లని వెంటబెట్టుకొచ్చి వరండాలో కూచోబెట్టింది. ప్రజల భాగస్వామ్యానికి టెంబే గారు ముచ్చటపడ్డారు. తలా రెండు నిమిషాలు వాళ్లకీ ఫైలుని దూరం నుంచి చూపించారు.

"ముడి మాత్రం గట్టిగా వేశారు" అన్నాడో ముసలి నేతగాడు.

ఇరవై ఎనిమిదో రోజు వచ్చింది. సాయంత్రం అయిదింటికి వీడ్కోలు సభ. నాలుగున్నరకి కోర్టుకి పంపాల్సిన నివేదిక టైపు చేస్తూ, బ్యాంకు పూర్తిపేరు కోసం స్టెనో పెరీరా ఎర్రదారం విప్పాడు. మొదటి వాక్యం దగ్గరే ఆగిపోయాడు.

"సార్, 'మీరు సీలు వేయాల్సింది నవకోటేశ్వరి బ్యాంకుకి. మాది ఉత్త కోటేశ్వరి. దయచేసి బోర్డు చదువుకోండి' అని రాశారు."

టెంబే గారు కళ్లజోడు తీసి జేబులో పెట్టుకున్నారు.

"సీలు తీయించమంటారా సార్? మీ సంతకం ఒక్కటి చాలు."

"దేనికయ్యా సంతకం? పరిశీలించాం. స్టాంపు వెయ్యి."

అయిదింటికి హాలు నిండింది. వరండాలోనే కాచుకుని ఉన్న విమల్‌తాయీ, పన్నెండుమంది నేతగాళ్లూ కూడా వచ్చి వెనక నిలబడ్డారు. అన్నిటికన్నా పెద్ద మాలని ఇద్దరు మోసుకొచ్చి టెంబే గారి మెడలో వేశారు. మాలతోపాటు అయిదు బుట్టల పాలకోవా పేడాలూ వచ్చాయి. మాలకి అడ్డంగా కట్టిన పట్టు రిబ్బను మీద, పంపిన బ్యాంకు పేరు బంగారు రంగులో ఉంది.

విమల్‌తాయి జనాన్ని తోసుకుంటూ ముందుకొచ్చింది. రిబ్బను మీద వేలు పెట్టింది.

"ఈ మొదటి రెండక్షరాలూ కాస్త పరిశీలించండి సాహెబ్."

టెంబే గారు గోడ గడియారం వంక చూశారు. అయిదూ పది.

"నా పరిశీలన అయిపోయింది తాయీ" అన్నారు. "పేడా తీసుకోండి."