లాకు మీద ఎర్ర దుప్పటి

ఆ పొద్దున లాకు సూపరింటెండెంటు లేస్తూనే చేసిన మొదటి పని, లాకు పక్కనే ఉన్న తమ ఇంటి వరండాలో బట్టలారేసుకునే తీగ ఊడబెరకడం. మధ్యాహ్నం జలమార్గాల సంస్థ డైరెక్టరు తనిఖీకి వస్తున్నాడు. మెచ్చుకోవడానికేం కాదు. ఈ కాలువలో అసలు పడవలే తిరగడం లేదని హెడ్డాఫీసు తేల్చేసింది. డైరెక్టరు వచ్చి, చూసి, ఒక్క ఊఁ కొడితే చాలు, పడవల్ని ఎత్తుపల్లాలు దాటించే ఈ లాకు గేట్లు శాశ్వతంగా మూసేస్తారు. సూపరింటెండెంటును ఎక్కడో చిత్తడి నేలల్లో పూడిక తీసే యంత్రానికి కాపలా పెడతారు.

"తీగ పీకేస్తే అమ్మ ఉతికినవి ఎక్కడ ఆరేస్తుందండీ?" అంది భార్య, బడిలో పాఠాలు చెప్పడానికి బయల్దేరుతూ.

"ఎక్కడో ఒకచోట ఆరేసుకోమను. డైరెక్టరుగారి కంట్లో మాత్రం పడకూడదు" అని సైకిలెక్కాడు. కాలువ పొడుగునా ఉన్న హెచ్చరిక బోర్డులు తుడిపించాలి మరి.

పడవలవాళ్లు చాటున ఆయన్ని రూళ్లకర్ర అంటారు. లైఫ్ జాకెట్టుకు బొత్తాం ఊడితే పడవను వెనక్కి పంపేసిన మనిషి. అన్ని రూళ్లలోకీ ఆయనకు ప్రాణమైనది ఒకటుంది. లాకు స్తంభం మీద ఎర్ర జెండా ఎగిరితే కాలువ బంద్. ఎగిరిన జెండాను ఇంజనీరు వచ్చి, గేట్లు పరీక్షించి, సరేనన్నాకే దించాలి. ఈ మాట లాకు సిబ్బంది చేత ఎన్నిసార్లు అప్పజెప్పించాడో లెక్కలేదు.

బోర్డులన్నీ తళతళలాడించి, ఈల వేసుకుంటూ తిరిగొచ్చేసరికి కాలువలో నీళ్లు కనిపించలేదు. పడవలే కనిపించాయి. ఇటుకల పడవ, పుచ్చకాయల పడవ, జనంతో కిక్కిరిసిన లాంచీ, కొత్త కాపురానికి సామాను మోస్తున్న నాటు పడవ. ఆ చివరి దాంట్లో మొగుడూ పెళ్లాలు తమ సోఫాలోనే కూర్చుని పల్లీలు తింటున్నారు. వాటి వెనక ఇంకా ఎన్ని ఉన్నాయో మలుపు అడ్డొచ్చి తెలియలేదు.

"లాకుకేమైంది సార్?" అని అరిచాడు ఇటుకల పడవవాడు.

సూపరింటెండెంటు తలెత్తి చూశాడు. స్తంభం చివర రెపరెపలాడుతోంది అత్తగారి ఎర్ర దుప్పటి.

సైకిలు అక్కడే పడేసి మెట్లెక్కాడు.

"అత్తయ్యగారూ! అదేమిటండీ, అక్కడ ఆరేశారు?"

"కంట్లో పడకూడదన్నారటగా అల్లుడుగారూ? అందుకే అంత పైకి ఎక్కించాను. తాడూ గిలకా ఉన్నాయి, హాయిగా వెళ్లిపోయింది" అంది ఆవిడ సంతోషంగా.

దించేద్దామని తాడు పట్టుకున్నాడు. ఇంతలో గేట్లు తిప్పే లస్కరు రొప్పుతూ వచ్చాడు. "సార్, జెండా చూడగానే కంట్రోలు రూముకు ఫోన్ చేసేశాను. కారణమేంటని అడిగారు. తెలీదంటే బాగోదని, గేటుకేదో తేడా వచ్చినట్టుందని చెప్పాను."

ఆ 'తేడా' పై లాకుకు చేరేసరికి పగులైంది. అక్కణ్ణుంచి లాంచీల రేవుకు పోయేసరికి గేటు ఊడింది. కాసేపటికి భార్య బడి నుంచి ఫోన్ చేసింది.

"ఏవండీ, లాకు కొట్టుకుపోయిందటగా! మీరెక్కడున్నారు?"

"లాకు మీదే ఉన్నాను."

ఇంజనీరు ఈతగాళ్లను వెంటబెట్టుకుని బయల్దేరాడట. తాడు సూపరింటెండెంటు చేతిలోంచి జారిపోయింది. తాను నేర్పిన రూలు తానే తప్పడమా? అదీ పడవలవాళ్లందరి ముందూనా?

"ఆరిపోయింది, తీసేస్తాను జరగండి" అంది అత్తగారు.

"వద్దండి! ఇంజనీరుగారు చూడాలి."

"నా దుప్పటికి ఇంజనీరెందుకు నాయనా?"

అప్పుడే మలుపు దగ్గర గోల వినిపించింది. డైరెక్టరుగారి లాంచీ వరసలో అందరికంటే వెనక ఇరుక్కుపోయింది. పడవలకూ గట్టు మీది దారికీ మధ్య మోకాలిలోతు బురద. ఇక చేసేదిలేక ఆయన ఒక పడవలోంచి ఇంకో పడవలోకి అడుగులేస్తూ వస్తున్నాడు. సోఫా దగ్గర కాసేపు ఆగక తప్పలేదు, పల్లీలూ తినక తప్పలేదు. లాంచీలో జనం ఆయన్ని చేతుల మీద దాటించారు. సోఫా దగ్గర కాసేపు ఆగక తప్పలేదు, పల్లీలూ తినక తప్పలేదు. చివరికి ప్యాంటుకు ఇటుక పొడి, చంకలో ఎవరో పెట్టిన పుచ్చకాయతో లాకు మెట్లెక్కాడు.

"జెండా ఎందుకు ఎగరేశారు?"

గేటు కీచుమంటోందని చెప్పొచ్చు. ఒక గేటు నిజంగానే కీచుమంటుంది కూడా. సూపరింటెండెంటు నోరు తెరిచాడు, మూశాడు, మళ్లీ తెరిచాడు.

"అది జెండా కాదు సార్. మా అత్తగారి దుప్పటి."

"ఆరి చాలాసేపైందండీ" అంది అత్తగారు. "ఈయనే దించనివ్వడం లేదు."

"ఎందుకని?"

"ఇంజనీరుగారు గేట్లు చూశాకే దించాలి సార్. రూలు" అన్నాడు సూపరింటెండెంటు నేలచూపులు చూస్తూ. పూడిక యంత్రం చప్పుడు అప్పుడే చెవిలో మోగుతోంది.

డైరెక్టరు వెనక్కి తిరిగి, తాను దాటొచ్చిన పడవల వరసను చివరిదాకా చూశాడు.

"రోజూ ఇన్ని తిరుగుతాయా?"

"తిరుగుతాయి సార్. ఆగవు కాబట్టి ఎవరికీ కనబడవు."

"ఈ కాలువ ఖాళీ అని నాకు చెప్పినవాణ్ణి ఆ ఇటుకల మీద నడిపించాలి" అన్నాడు డైరెక్టరు, ప్యాంటు దులుపుకుంటూ. "లాకు మూసే మాట ఇంక నా దగ్గర ఎత్తొద్దని చెబుతాను."

ఇంజనీరు వచ్చాడు. దుప్పటి వంక ఓసారి చూసి, డైరెక్టరు వంక ఓసారి చూసి, గేట్లన్నీ తట్టి చూసి సరేనన్నాడు. అత్తగారు దుప్పటి దించి మడత పెట్టుకుంది. పడవలు కదిలాయి.

వారం తిరక్కుండానే లాకులన్నిటికీ కొత్త ఉత్తర్వు వచ్చింది: సిబ్బంది ఇళ్లలో ఎర్ర దుప్పట్లు వాడరాదు, ఆకుపచ్చ దుప్పట్ల విషయం సంస్థ పరిశీలనలో ఉంది.