పగులు సినిమా

ముసురు విడిచిన మొదటి పొద్దు. చర్ల దగ్గరి ఆ ఊళ్ళో కళావతి పెట్టుకున్న పని ఒక్కటే: ఎర్రమన్ను పిసికి, ఉయ్యాల పక్క గోడకు పడిన పగులు పూడ్చడం. వరదకు దెబ్బతిన్న ఇళ్ళ సర్వే వస్తుంది, లిస్టుకెక్కితే కొత్త ఇల్లు అంటూ అధికారులు రెండు నెలలు ఊరించారు. సర్వే రాలేదు. గోడ ఎప్పుడు ఒరుగుతుందో, ఐదు నెలల బాబు మీద ఏం పడుతుందోనని ఆమెకు కంటిమీద కునుకు లేదు.

మన్ను ముద్ద ఎత్తేసరికి తమ్ముడు రాజేష్ అడ్డం వచ్చాడు. ఖమ్మంలో చదువు, చేతిలో దోస్తు ఇచ్చిన కెమెరా.

"ఆగక్కా! ఎంత అందంగుందో చూడు. నా షార్ట్ ఫిలిం దీనిమీదనే. మనుషులుండరు, మాటలుండయి. పగులొక్కటే."

"పగులు చూడనీకి ఎవరొస్తరురా?"

"ఎండ ఏటవాలుగ పడాలె. ఒక్క గంట ఆగు."

గంట రెండయింది. రాజేష్ గోడకు ముక్కు ఆనించి తీస్తూనే ఉన్నాడు. పొరుగింటి ముత్తక్క తొంగిచూసింది.

"ఏందే, గోడను ఫోటో తీస్తుండు?"

"సప్పుడు చేయకు పెద్దమ్మా!" అన్నాడు రాజేష్.

అంత గుట్టుగా గోడను తీసేవాడు సర్వేవాడు గాక ఇంకెవడు? కళావతి తమ్ముడికి కొలువు దొరికిందన్నమాట! ముత్తక్క ఉరికి, నిక్షేపంలాంటి తన గోడకు గడ్డపార వేసింది. ఆమెను చూసి గంగయ్య, గంగయ్యను చూసి వాడంతా.

కాసేపటికి వాకిట్లో గుంపు. "మా గోడ గూడ తీయి, బిడ్డా!"

రాజేష్ వెళ్ళి చూసి పెదవి విరిచాడు. "ఇవి చేసిన పగుళ్ళు. వీటిల అందం లేదు."

"మీ అక్క గోడకే ఉన్నదా అందం?" గంగయ్య ఎగిరాడు. "ఏం కళావతీ, నీ ఇల్లొక్కటే రాపిచ్చుకుంటవా?"

బాబు గుక్కపట్టాడు. కళావతికి అరికాలి మంట నెత్తికెక్కింది. "మీ సినిమా పాడుగాను!" అంటూ మన్ను కొట్టి, పగులు ఆనవాలు లేకుండా అలికి, పైన ముగ్గు కూడా పెట్టింది.

అప్పుడు వచ్చింది జీపు. అసలు సర్వే సారు ఇంటింటికీ తిరిగి అందరి పేర్లూ రాసుకుని, కళావతి గోడ ముందు మెచ్చుకోలుగా నిలబడ్డాడు.

"ఊరంతట్ల గట్టి ఇల్లు నీదేనమ్మా."

"పగులు లోపలున్నది సారూ, ఇప్పుడే పూసిన. గోకి చూపిస్త!"

"నా ముందల పగలగొడితె రాసుకోను."

"అరేయ్, నీ సినిమా చూపియ్‌రా!"

రాజేష్ గర్వంగా కెమెరా చిన్న తెర తిప్పాడు. సారు కళ్ళద్దాలు సవరించుకుని చివరిదాకా చూశాడు.

"బాగ తీసినవ్ బాబూ. ఏ నది ఇది?"

ఆ సాయంత్రమే బాబు ఉయ్యాల ముత్తక్క ఇంటికి మారింది. కూలే ఇళ్ళ లిస్టులో మొదటి పేరు ఆమెదే. గడ్డపార వేసినా, ఊళ్ళో గట్టి గోడలూ ఆమెవే.