తనఖా పత్ర దహన మహోత్సవం

ఎల్డర్‌క్రీక్ పట్టణ ప్రజలందరికీ ఋణవిముక్తి ప్రసాదించబోతున్నట్టు మేయరు రోలండ్ స్టకీగారు మే నెల మొదటి సోమవారం ఉదయం పదిన్నరకి ప్రకటించారు. ఆ ప్రకటన వినడానికి టౌన్ హాల్లో నేనూ, ఆయన కార్యదర్శీ, కాఫీ మిషను బాగుచెయ్యడానికి వచ్చిన మనిషీ ఉన్నాం. కాఫీ మిషను మనిషి స్క్రూడ్రైవరు కింద పెట్టి చప్పట్లు కొట్టాడు. "ప్రజల్లో హర్షాతిరేకం" అని ఆ వారం పత్రికలో శీర్షిక పెట్టాను.

ఆ పత్రిక నాదే. వారానికొకసారి ఆరు పేజీలు. మొదటి పేజీలో మేయరుగారు, మధ్యలో స్కూలు బేస్‌బాలూ, చర్చి భోజనాలూ, తప్పిపోయిన కుక్కలూ ఉంటాయి. ఆరో పేజీలో షెరీఫ్ వేలం నోటీసులు. వాయిదాలు కట్టలేనివాళ్ళ ఇల్లు వేలానికొస్తే మూడు వారాలపాటు ఊరి పత్రికలో ప్రకటించాలని చట్టం. నేను తినే రొట్టె ఆ పేజీలోంచే వస్తుంది. ఊళ్ళో దాన్ని ఎవరూ చదవరు, ఒక్క ఇర్మా వోగెల్ తప్ప. ఆవిడ భూతద్దం పెట్టుకుని పత్రికని వెనకనుంచి మొదలుపెడుతుంది.

మేయరుగారి పథకం గొప్పతనం చెప్పాలి. ఇంటి అప్పు పూర్తిగా తీరిననాడు చుట్టాల్ని పిలిచి, తనఖా పత్రాన్ని పెరట్లో తగలబెట్టి, తలో బీరూ తాగే ఆచారం మా తాతల కాలంలో ఉండేది. దాన్ని ఆయన ఊరుమ్మడిగా పునరుద్ధరించదలిచారు. జూన్ మూడో శనివారం పార్కులో ఒక పాత పత్రం కాలుస్తారు. ఆ నిప్పు ఆరకముందే యాభై కుటుంబాలు లిబర్టీ మెడోస్ అనే కొత్త కాలనీలో ఇళ్ళకి ముప్పై ఏళ్ళ అప్పు పత్రాల మీద సంతకాలు పెడతాయి. ఆ కాలనీ ఇళ్ళు అమ్మిపెట్టే ఏజెంటు కూడా మేయరుగారే. ఇంత పెద్ద బాధ్యతని ఇంకొకరి నెత్తిన రుద్దడం ఆయనకి ఇష్టం లేదు.

చిక్కల్లా కాల్చడానికి పత్రం దొరకడంలో వచ్చింది. టౌన్ హాలు గుమాస్తా మూడు వారాలు రికార్డులు తిరగేసింది. ఊళ్ళో రెండు వేల నూట నలభై ఇళ్ళు. కొందరివి తండ్రి ఇచ్చిపోయినవి. కొందరు నగదుతో కొన్నారు. మిగిలినవాళ్ళు అప్పు తీరకముందే పాత అప్పు మీద కొత్త అప్పు తెచ్చి, కొత్త అప్పు మీద ఇంకా కొత్తది తెచ్చినవాళ్ళు. మొదటి రోజు చేసిన అప్పుని చివరి వాయిదా దాకా కట్టి తీర్చిన మనిషి ఊరంతటికీ ఒక్కతే తేలింది. ఆవిడ ఇర్మా వోగెల్. వయసు ఎనభై నాలుగు. స్కూలు వంటశాలలో ముప్పై ఒక్క ఏళ్ళు వంట చేసి రిటైరైంది.

"రెండు వేల ఇళ్ళల్లో ఒక్కతేనా?" అన్నాను, మేయరుగారితో ఆవిడ ఇంటికి వెళ్ళే దారిలో.

"ఒక్కరే కావడంలోనే ఉంది మజా. అందరూ తీర్చేస్తే దీన్ని పండగంటారా?" అన్నారు మేయరుగారు. అంతలో ఆయన ఫోను మోగింది. నంబరు చూసి, నవ్వి, దాని నోరు నొక్కేశారు. "ప్రజలయ్యా. వదలరు. పొద్దున్నించీ పదకొండోసారి."

"మీ ఇల్లు ఎంతవరకూ తీరిందండీ?" అని అడిగాను.

ఆయన జాలిగా చూశారు. "నువ్వింకా పాతకాలం మనిషివి. ఇల్లంటే అప్పు కాదయ్యా, పాడి ఆవు. హెరాన్ కోర్టు వీధిలో తొమ్మిదో నంబరు ఇల్లు నాకు ఏడుసార్లు పాలిచ్చింది. ఒకసారి వంటిల్లు మార్చాం. ఇంకోసారి పడవ కొన్నాం. పడవ కొన్నాక రేవు లేకపోతే ఎలా? రేవు కట్టాం. గరాజు నాలుగు కార్లకి పెంచాం. కిందటి ఎన్నికలు కూడా ఇంటి పాలే. కొని పంతొమ్మిదేళ్ళయింది, అప్పు చూస్తే నిన్న తెచ్చినట్టుంటుంది. దాన్ని అంత జాగ్రత్తగా చూసుకున్నాం."

ఇర్మా గుమ్మంలోనే ఆపింది. "ఒరే రోలండూ, బూట్లు తుడుచుకునిరా. నలభై ఏళ్ళయినా ఆ బుద్ధి పోలేదు నీకు."

మేయరుగారు బుద్ధిగా తుడుచుకున్నారు. బడిలో ఈయనకి బంగాళదుంపల ముద్ద రెండోసారి వడ్డించింది ఆవిడే.

వంటింట్లో బల్ల దగ్గర మనవరాలు టెస్ కూర్చుని ఉంది. పంటి డాక్టరు దగ్గర పనిచేస్తుంది. భర్త ల్యూక్ స్కూలు బస్సులు రిపేరు చేస్తాడు. అక్టోబరులో పురుడు. ఆ యాభై జంటల్లో వీళ్ళదొకటి. ముందు వరండా, వరండాలో ఉయ్యాల బల్ల ఉన్న ఇల్లు ఎంచుకున్నారు. ఆ ఉయ్యాల గురించి చెబుతుంటే టెస్ మొహం వెలిగిపోయింది. అది చూసి నాకూ ముచ్చటేసింది.

"అసలు కన్నా వడ్డీ ముద్దని ఊరికే అన్నారా!" అన్నారు మేయరుగారు మనవరాలిని చూసి. మాతో వచ్చి పక్కన నిలబడ్డ బ్యాంకు అధికారి కర్టిస్ చాలా మనస్ఫూర్తిగా తల ఊపాడు.

వాళ్ళు వేదిక గురించి మాట్లాడుకుంటుంటే ఇర్మా నన్ను సింకు దగ్గరికి పిలిచి గొంతు తగ్గించింది. "దాన్ని కొనొద్దని నేననను, ఎడిటరుగారూ. అంటే రేపే కొంటుంది, మా రక్తం అలాంటిది. ఆ కాగితాల్లో ఐదో పేజీ ఒక్కటి చదివి సంతకం పెట్టమంటున్నాను. 'అవన్నీ మామూలేలే నానమ్మా' అంటుంది. పుట్టబోయేదానికి ముప్పై ఏళ్ళొచ్చేదాకా కట్టాలి, ఒక్క పేజీ చదవలేదా?" కడిగిన కప్పునే మళ్ళీ కడిగింది.

ఐదో పేజీ సంగతి తిరుగు ప్రయాణంలో మేయరుగారే విప్పిచెప్పారు. "ముప్పై ఏళ్ళల్లో మొత్తం ఎంత కడతారో ఐదో పేజీలో వెయ్యాలని చట్టం. వేస్తున్నాం. దాచామా? లేదు. కానీ నాలుగు పేజీలు తిరగేసేసరికి మనిషికి ఆకలేస్తుంది. ఐదోది చదివినవాణ్ణి నా సర్వీసులో చూళ్ళేదు. పారదర్శకత అంటే అదీ!"

మేం బయల్దేరకముందే ఇర్మా పండగకి ఒప్పుకుంది, ఒక షరతు మీద. వెన్న బిస్కెట్ల రేకు డబ్బాలు మూడు తెచ్చి బల్లమీద పెట్టింది. అందరిళ్ళల్లోనూ ఆ డబ్బాల్లో సూదీ దారం ఉంటాయి. ఈవిడ డబ్బాల్లో మాత్రం రసీదులున్నాయి, మూడు వందల అరవై.

"పత్రంతో పాటు ఇవి కూడా కాలుస్తాను. ఒక్కొక్కటే, పైకి చదివి."

"అన్నీ ఒక్కసారే పడేస్తే పోలా, మామ్మగారూ?" అన్నాడు కర్టిస్. అతని మెడ మీద చెమట కనిపించింది.

"కట్టేటప్పుడు అన్నీ ఒక్కసారే తీసుకున్నారా నాయనా మీరు?"

డబ్బాలు మ్యూజియంలో పెడదామన్నాడు కర్టిస్. ఊళ్ళో మ్యూజియం లేదు. కట్టిద్దామన్నాడు. మేయరుగారు అతన్ని వారించారు. "ముసలావిడ, రసీదులు, కన్నీళ్ళు! రాజధాని కొలంబస్ నుంచి టీవీవాళ్ళొస్తున్నారు. రెండు నిమిషాల పనేగా, కానివ్వు." పార్కులో నిప్పు పెట్టడానికి అనుమతి కావాలి కాబట్టి దాని మీద కూడా అప్పటికప్పుడే సంతకం చేశారు. నాలుగు పేజీల అనుమతి. అదీ చదవలేదు.

శనివారం పార్కు కిటకిటలాడింది. బడి బ్యాండు, మొక్కజొన్న కంకులు, నిప్పుల మీద సాసేజిలు, రిబ్బను కట్టిన ఫైరింజను. యాభై బల్లలు, యాభై కాగితాల కట్టలు, మేయరుగారి బొమ్మ ఉన్న యాభై పెన్నులు. మేయరుగారు ఇరవై నిమిషాలు స్వేచ్ఛ గురించి మాట్లాడి, బంగారు లైటరు తీసి తనఖా పత్రాన్ని అంటించారు. అది నాలుగు సెకన్లలో కాలిపోయింది. టీవీవాళ్ళు అప్పుడు సాసేజిల దగ్గరున్నారు.

తర్వాత ఇర్మా మొదటి డబ్బా మూత తీసింది. టెస్ నిప్పు రాజేసిన ఇనప పీపా పక్కన నిలబడింది.

"తొంభై అయిదు ఫిబ్రవరి. కట్టింది నాలుగు వందల నలభై. వడ్డీ నాలుగు వందల ఎనిమిది. అసలు ముప్పై రెండు." రసీదు మనవరాలికిచ్చింది. టెస్ నిప్పులో వేసింది.

"మార్చి. నాలుగు వందల నలభై. వడ్డీ నాలుగు వందల ఎనిమిది. అసలు ముప్పై రెండు. ఆ నెల కప్పు కారింది."

పదో రసీదుకి మేయరుగారు ముందుకొచ్చి డబ్బాతో సహా పీపాలో వంపబోయారు. ఫైర్ చీఫ్ అడ్డం వచ్చాడు. "కుదరదండి. ఒక్కసారికి ఒక్క కాగితమే. అనుమతి మూడో పేజీలో ఉంది. కింద సంతకం తమరిదే."

మేయరుగారు కెమెరా వైపు తిరిగి చట్టాన్ని గౌరవించారు.

నలభయ్యో రసీదు దాటాక జనానికి లయ దొరికింది. ఆవిడ "వడ్డీ" అనగానే బ్యాండు కుర్రాళ్ళు పెద్ద డోలు కొట్టారు. "అసలు" అనగానే ఎవరో చిన్న గంట మోగించారు. డోలు, గంట. డోలు, గంట. ఒక నెల దగ్గర మాత్రం ఆవిడ ఆగింది. "ఇది మా ఆయన పోయిన నెల. అప్పుడూ కట్టాను." డోలు మోగలేదు. నేను కళ్ళజోడు తుడుచుకున్నాను. పత్రికలో పొగ వల్ల అని రాశాను.

కంకులు అయిపోయాయి. సాసేజిలు అయిపోయాయి. ఒక్కరూ కదల్లేదు. ఇరవై రెండేళ్ళు గడిచాయి, అంటే గంటన్నర పైన పట్టింది.

"రెండు వేల పదిహేడు మార్చి. కట్టింది నాలుగు వందల నలభై." ఇర్మా భూతద్దం సర్దుకుంది. "వడ్డీ రెండు వందల పంతొమ్మిది. అసలు, రెండు వందల ఇరవై ఒకటి."

"అసలు గెలిచిందిరో!" అని ల్యూక్ బెంచీ ఎక్కి అరిచాడు. పార్కు పార్కంతా లేచింది. ముక్కూ మొహం తెలియనివాళ్ళు కావలించుకున్నారు. గంటవాడు గంట విరగ్గొట్టాడు. మా బేస్‌బాల్ జట్టు జిల్లా కప్పు తెచ్చిన రోజు కూడా ఇంత గోల లేదు.

చివరి రసీదు పడ్డాక ఇర్మా డబ్బా బోర్లించి దులిపింది. "యాభై ఆరు వేల డాలర్లు తెచ్చాను. లక్షా యాభై ఎనిమిది వేల నాలుగు వందలు ఇచ్చాను. ఇల్లు మంచిదే, నాకేం బాధ లేదు. తెలిసుంటే ఇంకో ఉద్యోగం చేసి ముందే తీర్చేదాన్ని, అంతే." మైకు కర్టిస్‌కిచ్చి వెళ్ళి కూర్చుంది. మనవరాలి వైపు చూడను కూడా లేదు.

టెస్ తన బల్ల దగ్గరికి వెళ్ళింది. పెన్ను తీసింది. పెట్టేసింది. "కర్టిస్‌గారూ, మా ఐదో పేజీ ఏదండీ?"

"ఉంది, ఉంది, అక్కడే ఉంది, మామూలేనండీ..."

"ఏడు లక్షల పద్దెనిమిది వేల ఐదు వందలు." పైకే చదివింది. కర్టిస్ చేతిలో మైకు ఇంకా పనిచేస్తోంది.

"మనం తెస్తున్నది మూడు లక్షలు కదా?" అన్నాడు ల్యూక్. "తక్కినదేంటండీ?"

"అది కాలం విలువ," అన్నాడు కర్టిస్.

"ఎవరి కాలం?" అంది టెస్.

పార్కంతా కాగితాలు తిరగేసిన చప్పుడు. యాభై జంటలూ ఐదో పేజీకి చేరాయి. మేయరుగారి ఫోను మోగుతోంది. ఆయన మొహంలో చిరునవ్వు అలాగే ఉంది, దాన్ని ఎక్కడ పెట్టాలో తెలియనట్టు.

సాయంత్రానికి నాలుగు కుటుంబాలు సంతకం చేశాయి. "నూటికి ఎనిమిది శాతం ప్రజల అఖండ మద్దతు" అని మేయరుగారు ప్రకటించారు. టెస్, ల్యూక్ వాల్‌నట్ వీధిలో రెండు గదుల ఇల్లు చూస్తున్నారు, పదిహేనేళ్ళలో తీరేలా. వరండా లేదు. ఉయ్యాల పెరట్లో చెట్టుకి కట్టిస్తానని ఇర్మా మాటిచ్చింది.

పత్రిక అచ్చుకి వెళ్ళే ముందు మేయరుగారు స్వయంగా మా ఆఫీసుకొచ్చారు. మొదటి పేజీలో లైటరుతో ఉన్న తన ఫొటో చూసుకుని సంతోషించారు. తర్వాత కిటికీలోంచి బయటికి చూస్తూ అడిగారు.

"ఏమయ్యా, ఆరో పేజీలో అక్షరాలు ఇంకాస్త చిన్నవి చెయ్యడం కుదరదా?"

"చట్టం ఒప్పుకోదండి."

"పోనీలే. అయినా దాన్ని ఎవరు చదువుతారు?"

"ఎవరూ చదవరండి," అన్నాను. ఆయన తేలికపడి, బల్లమీద ఉన్న బిస్కెట్టొకటి తీసుకుని వెళ్ళారు.

ఆ వేలం నోటీసు ఆరో పేజీ రెండో వరసలో పైనుంచి మూడోది. హెరాన్ కోర్టు, తొమ్మిదో నంబరు. నాలుగు కార్ల గరాజు, రేవుతో సహా.

గురువారం పత్రిక ఇళ్ళకి చేరిన పావుగంటకి ఇర్మా ఫోను చేసింది.

"ఎడిటరుగారూ, వచ్చేవారం నాదో చిన్న ప్రకటన వెయ్యి. ఆరో పేజీలోనే. రాసుకో. మేడమీద గది అద్దెకు. నెలకి నాలుగు వందల నలభై. రసీదు ఇవ్వబడును."

"అంతేనా మామ్మగారూ?"

"ఇంకో ముక్క చేర్చు. బూట్లు తుడుచుకుని రావాలి. పడవకి చోటు లేదు."