అసలు కుర్చీ

ఆ రోజుకి హెడ్ గుమాస్తా వేసుకున్న పథకం చాలా చిన్నది. పొద్దున్నే ప్రాచీన గ్రీకు తత్వవేత్త గ్రంథంలో పది పేజీలు చదివి సారాంశం రాసుకోవాలి. మధ్యాహ్నంలోగా కొత్త కుర్చీల ఫైలు మీద మేనేజరు సంతకం సాధించాలి. మొదటిది జ్ఞానం కోసం, రెండోది నడుం కోసం. ఆఫీసులో ఆయన కుర్చీకి ఒక కాలు బెత్తెడు పొట్టి. దాని మీద పక్కకి ఒరిగి కూర్చుని కూర్చుని మనిషే ఒరిగిపోయాడు. ఇంకో ఏడాది ఇలాగే కూర్చుంటే ఆపరేషన్ తప్పదని డాక్టరు తేల్చి చెప్పాడు.

"ఎప్పుడో పోయినాయన మీ నడుం బాగుచేస్తాడా ఏమిటండీ?" అంది భార్య, కాఫీ గ్లాసు అందిస్తూ.

"నీకు కనిపించే ఈ గ్లాసు అసలు గ్లాసు కాదే. నీడ!"

"కడిగేటప్పుడు మాత్రం అసలుదిలాగే ఉంటుంది లెండి."

ఆయన పట్టించుకోలేదు. పుస్తకంలో ఉదాహరణకి మంచం ఇచ్చారు. నొప్పి కొద్దీ దాన్ని కుర్చీగా మార్చుకుని, చేతికందిన ఆఫీసు నోట్ కాగితం మీద రాసుకున్నాడు: "కనిపించే కుర్చీ అసలు కుర్చీ కాదు. అసలు కుర్చీ వేరే చోట ఉంది. ఈ సంగతి చాలామందికి తెలియదు." ముప్ఫై ఏళ్ళ అలవాటు ఊరుకుంటుందా! పైన "విషయం: కుర్చీ" అని, కింద సంతకం, తేదీ కూడా పడ్డాయి.

ఆఫీసుకెళ్ళాక ఆ కాగితం మిగతా కాగితాలతోపాటు ఆయన బల్ల మీదికి చేరింది. ఫైళ్ళు పంపే ఉద్యోగిని దాని మీది విషయం చూసింది, సంతకం చూసింది, కుర్చీల ఫైల్లో పెట్టి మేనేజరుకి పంపింది. ఆవిడ తప్పు ఇసుమంత కూడా లేదు.

పావుగంటలో పిలుపొచ్చింది.

"అసలు కుర్చీ ఎక్కడుందయ్యా?" అన్నాడు మేనేజరు, కాగితం ఊపుతూ.

హెడ్ గుమాస్తా తన కాగితాన్ని గుర్తుపట్టాడు. "అది కళ్ళకి కనపడదు సార్. బుద్ధితో చూడాలి."

"అంటే నాకు బుద్ధి లేదనా? ఆగు! మూడేళ్ళ కిందట ఆఫీసుకి ఆరు కుర్చీలు కొన్నాం. ఏవవి? దొంగని పట్టించావయ్యా! నీకు కొత్త కుర్చీ నేనిప్పిస్తాను!"

హెడ్ గుమాస్తాకి ఆనందంతో కళ్ళు చెమర్చాయి. తను ఎవర్ని పట్టించాడో ఆయనకే తెలియదు.

స్టోర్ కీపరుని రప్పించారు. తలుపు దగ్గర ఆఫీసంతా మూగింది.

"ఆ కుర్చీలు ఎక్కడ? చెప్తావా, పోలీసుల్ని పిలవనా?"

ఎప్పుడూ "సార్" తప్ప మరో మాట ఎరగని స్టోర్ కీపరు ఒక్కసారిగా బావురుమన్నాడు. "అక్క అడిగిందని పంపాను బావా! మీరు రోజూ కూర్చుని భోంచేసేది వాటి మీదే!"

"మీ నాన్నగారు ఇచ్చారంది కదరా మీ అక్క!" అని అరిచి, మేనేజరు తలుపు వైపు చూసి నోరు మూసుకున్నాడు.

సాయంత్రానికి ఫైలు తిరిగొచ్చింది. హెడ్ గుమాస్తా ఆశగా విప్పాడు. మేనేజరు ఇలా రాశాడు: "నోట్ చూశాను. ఏకీభవిస్తున్నాను. అసలు కుర్చీలు మనకి అందనివి కనక, కనిపించేవాటితోనే సరిపెట్టుకోవాలి. ఫైలు మూసివేయడమైనది." ఆయనకి ఏడుపొక్కటే తక్కువ.

మర్నాటి నుంచి మాత్రం ఆయన నిటారుగా కూర్చుంటున్నాడు. ఆ గ్రంథం మందం సరిగ్గా బెత్తెడు.