సైకిల్ సీనుకి ఒకటే టేక్

సొంతంగా సినిమా తీస్తూ, అందులో తానే హీరో వేషం వేసుకునేవాణ్ణి చూసి నవ్వుతారెందుకండీ? ఈ భూమ్మీద వాణ్ణి మించిన సుఖజీవి లేడు. సాక్ష్యం నేనే.

నన్ను ఇంతవరకూ ఏ డైరెక్టరూ కాదనలేదు. ఎలా అంటాడు? ఆ డైరెక్టరూ నేనే కదా! సెట్లో నా నటనను ఎవరూ పల్లెత్తు మాట అనరు. సెట్టంటే మా హాలే. కెమెరా మా బావమరిది పట్టుకుంటాడు. మేకప్, భోజనాలు, చప్పట్లు మా ఆవిడ శాఖలు.

పెద్ద సినిమాలు పాపం ఆర్నెల్లకే అయిపోతాయి. నాది నాలుగేళ్లుగా నడుస్తోంది. కంటిన్యుటీ కోసం అదే గడ్డం, అదే గళ్ల చొక్కా. ఉతికితే రంగు వెలుస్తుందని ఉతకనివ్వను. ఆఫీసులో నా అటూ ఇటూ సీట్లు ఖాళీ అయ్యాయి. కాళ్లు చాపుకుని పని చేసుకుంటున్నాను.

సినిమాకి ప్రాణం ఒక్క సీను. తండ్రి కూతురికి సైకిల్ నేర్పుతాడు. తండ్రి నేను, కూతురు మా అమ్మాయే. సైకిల్ రాని పిల్ల మొహంలో ఉండే ఆ భయం నటిస్తే వస్తుందా? అందుకే దానికి ఏడేళ్లప్పుడే ఆర్డరేశాను, షూటింగయ్యేదాకా సైకిల్ ముట్టుకోకూడదని.

కెమెరా దొరికిన రోజు వాన. వాన లేని రోజు కెమెరా అరువిచ్చే స్నేహితుడు ఊళ్లో ఉండడు. రెండూ కుదిరితే నాకు జ్వరం. పిల్లకి పదకొండేళ్లొచ్చాయి. మా ఆవిడ దాని ఫ్రాకు అంచు మూడుసార్లు విప్పి కుట్టింది. వీధిలో పిల్లలంతా సైకిళ్ల మీద తిరుగుతుంటే గేటు పట్టుకుని, "మనదెప్పుడు నాన్నా?" అని అడిగేది. కళ కోసం ఓపిక పట్టాలని చెప్పేవాణ్ణి. ఏడాదిగా అడగడం మానేసింది. బుద్ధిమంతురాలైందని తెగ మురిసిపోయాను.

మొన్న ఆదివారం అన్నీ కుదిరాయి. మా వీధిలోనే సైకిల్ సీటు పట్టుకుని పరిగెత్తాను. హ్యాండిల్ వంకర్లు పోతోంది. "వదలొద్దు నాన్నా" అంది వణుకుతూ. వదిలేశాను. పిల్ల పడబోయి, ఎలాగో నిలదొక్కుకుని, వెనక్కి తిరిగి నవ్వింది. నాకు కళ్లనీళ్లు ఆగలేదు.

"బాగా వచ్చిందా నాన్నా?"

"అద్భుతం తల్లీ. ఇక నువ్వు సైకిల్ నేర్చుకోవచ్చు."

పిల్ల వాళ్లమ్మకేసి చూసింది. "అయితే పాలు నేను తెచ్చేస్తానమ్మా" అంటూ సంచి తగిలించుకుని, ఒంటిచేత్తో సందు మలుపు తిరిగి వెళ్లిపోయింది.

"నేర్చుకుని ఏడాదైంది" అంది మా ఆవిడ. "నేనే పట్టుకుని పరిగెత్తాను. మీ సీను పాడవుతుందని మీకు చెప్పొద్దంది."

పిల్ల సైకిల్ నేర్చుకున్న ఆ పూట నేనెక్కడున్నానంటారా? హాల్లోనే ఉన్నాను, ఈ సీనుకి డైలాగులు రాసుకుంటూ.

ఇంట్లోకొచ్చి టేక్ మళ్లీ చూశాను. పిల్ల నటనలో వంక పెట్టడానికి లేదు. తండ్రి వేషగాడితోనే చిక్కంతా. పిల్ల పడబోయిన క్షణంలో వాడు పిల్లని చూడటం లేదు, కెమెరాలోకి చూస్తున్నాడు.

నాలుగేళ్లలో మొదటిసారి డైరెక్టర్ నోరు విప్పాడు. తండ్రి పాత్రకి ఈయన పనికిరాడన్నాడు.