ఖాళీ ఇంట్లో ఎవరో సర్దుతున్నారు

నవ్వనని ముందు మాటివ్వండి, అప్పుడే చెబుతాను. దాదాపు మూడు వారాలు నేను ఒక దయ్యంతో ఇల్లు పంచుకున్నాను. అదేమీ దొంగ దయ్యం కాదు. చట్టప్రకారం, సంతకం పెట్టి, రసీదుతో సహా నేనే స్వయంగా ఇంటికి తెచ్చుకున్న దయ్యం.

"పెళ్ళయినవాడికి అదేం కొత్త?" అని మీలో ఒకాయన అనబోతున్నాడు. అనకండి. మా ఆవిడ పక్క గదిలోనే ఉంది.

నేను కళ్ళజోళ్ళ దుకాణంలో అద్దాలు అరగదీస్తానని మీకు తెలుసు. మా ఆవిడ ఇంట్లో ఎంబ్రాయిడరీ చేస్తుంది. కంప్యూటర్లో తను డిజైను గీస్తే, పక్కనున్న మిషను దాన్ని బట్ట మీద కుడుతుంది. ఇక మూడో మనిషి మా తోడల్లుడు, అంటే మా ఆవిడ అక్క మొగుడు. దేనికీ డబ్బిచ్చి ఎరగడు కాబట్టి ఆయనకు ఉచితానందం అని నేనే పేరు పెట్టాను.

పోయిన ఏడాది ఈ ఉచితానందం నా చేతిలో ఒక పెన్‌డ్రైవ్ పెట్టాడు. "ముప్ఫై ఆటలు తమ్ముడూ. తాళాలు పగలగొట్టేశారు. హాయిగా ఆడుకో," అన్నాడు. నేను దాన్ని తీసుకెళ్ళి మా ఆవిడ కంప్యూటర్లో గుచ్చాను. తెల్లారేసరికి తెర ఎర్రబడింది. పద్నాలుగు డిజైన్లు పోయాయి. తొమ్మిదేళ్ళపాటు తను సొంతంగా గీసుకుని, ఇంకా ఎవరికీ కుట్టివ్వనివి.

మా ఆవిడ తిట్టలేదు. తిట్టినా బాగుండేది. ఆ ఎర్ర తెర ముందు చాలాసేపు కూర్చుని, "ఇంకోసారి ఈ ఇంట్లో దొంగ ఆట కనిపిస్తే నేను మీతో మాట్లాడను," అంది. ఆ తర్వాత కాగితాలు పెట్టుకుని, పోయినవాటిని మళ్ళీ గీయాలని ఎన్నోసార్లు చూసింది. ఒక్కటీ రాలేదు. గీసిన కాగితాన్ని ఉండచుట్టి పారేస్తుంటే నాకు తలెత్తి చూడాలంటే సిగ్గేసేది.

అలాంటివాణ్ణి బుద్ధిగా ఉండాలా వద్దా? ఉన్నాను. పది నెలలు ఉన్నాను. అంతలో దుకాణానికి ఒకాయన వీఆర్ కళ్ళద్దాల డబ్బా తెచ్చాడు. అదే, తలకు తగిలించుకుంటే కళ్ళ ముందు ఇంకో లోకం కనిపిస్తుందే, అది. లోపల తన నంబరు అద్దాలు బిగించమన్నాడు. బిగించినవాణ్ణి సరిచూడకుండా ఎలా ఇస్తాను? పెట్టుకున్నాను. ఎదురుగా మంచుకొండ, కాళ్ళ కింద లోయ. కౌంటరు పట్టుకుని కూలబడి, "నన్ను దించండి!" అని కేకలు పెట్టాను. ఆ కేకలు ఆగాక మళ్ళీ ఎక్కాలనిపించింది.

కొత్తది కొనాలంటే మూడు నెలల జీతం. ఉచితానందం దారి మనకొద్దు. అందుకని నిజాయితీగా, చవగ్గా ఆడుకునే దారులన్నీ వెతికి దుకాణంలో కళ్ళ నంబరు రాసే చీటీ వెనక రాసుకున్నాను. తయారుచేసినవాళ్ళే ఉచితంగా వదిలే ఆటలున్నాయట. కొన్నిటికి మొదటి అంకం ఊరికే ఇస్తారట, నచ్చితేనే కొనుక్కోవచ్చు. సగం ధరకు వచ్చేదాకా ఓపిక పడితే ఏడాదికి రెండుసార్లయినా తగ్గిస్తారట. మొదటి నెల చందా ఉచితమట, కాకపోతే నెలాఖరున మానేస్తున్నానని చెప్పడం మరిచిపోకూడదు. మరిచిపోవడంలో నాకున్న పేరు తలుచుకుని దాన్ని కొట్టేశాను. చివరికి అన్నిటికన్నా గొప్ప దారి మా వీధి మలుపులోనే దొరికింది. గ్రంథాలయంలో కళ్ళద్దాల డబ్బానే అరువిస్తున్నారు, ఇరవై ఒక్క రోజులకు, ఉచితంగా!

ఒకటే చిక్కు. నా కార్డు ఆపేసి నాలుగేళ్ళయింది. తిరిగివ్వాల్సిన పల్చటి పుస్తకం మా మిషను బల్ల కాలి కింద ఉంది. దాన్ని తీస్తే బల్ల ఊగుతుంది, బల్ల ఊగితే కుట్టు వంకరపోతుంది. అందుకని మా ఆవిడ కార్డు పట్టుకెళ్ళాను.

గ్రంథాలయం ఆవిడను మేమంతా నిశ్శబ్దం గారు అంటాం. పెదవుల మీంచి వేలు తియ్యకుండానే మాట్లాడుతుంది. "కార్డు మీ ఆవిడదా?" అని గుసగుసగా అడిగింది.

"ఇద్దరం ఒకటే కదండీ," అన్నాను.

ఆవిడ నావైపు అదోలా చూసి డబ్బా ఇచ్చింది.

దాన్ని సామాన్ల గదిలో, పాత పెట్టెలో, దుప్పట్ల కింద దాచాను. నాకు ఒంటిగంట నుంచి మూడింటిదాకా భోజనం సెలవు. రెండింటికి మా ఆవిడ కుట్టిన బట్టలు ఇచ్చి రావడానికి వెళుతుంది. ఆ గంట నాది.

ఉచిత ఆటల్లో ఒకటి ఎంచుకున్నాను. పేరు ఖాళీ ఇల్లు. చంపడం, చావడం లేవు. సముద్రం ఒడ్డున ఒక ఇల్లు, అందులో మనం ఒక్కళ్ళమే. సామాన్లు ఇష్టమొచ్చినట్టు పెట్టుకోవచ్చు, వెలుగు పెన్సిలుతో గోడల మీద గీసుకోవచ్చు. జన్మలో తడి తువ్వాలు ఆరేయని నేను, ఇల్లు సర్దే ఆట ఎందుకు ఎంచుకున్నానో నన్నడక్కండి.

మొదటిరోజు కుర్చీలన్నీ చెల్లాచెదురు చేసి, తలుపు బార్లా తీసి, కిటికీలోంచి సముద్రం చూసి వచ్చేశాను. అలలు కదులుతున్నాయి గాని చప్పుడు లేదు. ఒక్క పక్షి లేదు. కాస్త గుబులుగానే అనిపించింది.

రెండోరోజు డబ్బా నా తలకు పట్టలేదు. ముందురోజు వదులుగా ఉన్న పట్టీ బిగుసుకుపోయి ఉంది. ఒక్క రోజులో నా తల పెరిగిందా అని తడుముకుని చూసుకున్నాను. పట్టీ సాగదీసి లోపలికి వెళ్ళాను. తలుపు మూసి ఉంది. కుర్చీలు బల్ల చుట్టూ బుద్ధిగా ఉన్నాయి. ఒక్కటి మాత్రం గది మధ్యలో, గోడకేసి తిరిగి ఉంది.

దాన్ని సముద్రంవైపు తిప్పి వచ్చాను. మర్నాడు మళ్ళీ గోడకేసి తిరిగి ఉంది. ఆ గోడమీద ఏమీ లేదు. దాని ఎదురుగా కూర్చుని ఎవరు, ఏం చూస్తున్నట్టు? నాకు వెన్నులో చలి పుట్టింది.

నాలుగోరోజు పరీక్ష పెట్టాను. అలమారలోని కప్పులన్నీ కింద పడేసి వచ్చాను. ఐదోరోజు చూస్తే కప్పులు బోర్లించి వరసగా ఉన్నాయి. పిడులన్నీ ఎడమవైపుకి. ఒక్కటి కూడా వరస తప్పలేదు.

డబ్బా పీకి, మంచినీళ్ళ కోసం వంటింట్లోకి పరిగెత్తాను. అక్కడ అలమారలో మా కప్పులు! అవీ బోర్లించి ఉన్నాయి. పిడులన్నీ ఎడమవైపుకి!

ఏ బుద్ధున్నవాడికైనా అక్కడే విషయం అర్థం కావాలి. నాకూ అర్థమైంది. దయ్యం ఆటలోంచి బయటికి వచ్చేసింది!

ఆ సాయంత్రం మా ఆవిడ దగ్గర మెల్లగా కదిపాను. "మన కప్పుల్ని ఎవరైనా ముట్టుకున్నారా?"

"ముట్టుకోకుండా మీకు కాఫీ ఎలా వస్తోంది?"

"అది కాదు. పిడులు ఎడమవైపుకి తిరిగున్నాయి."

"పన్నెండేళ్ళ నుంచీ అలాగే ఉన్నాయి. ఇవాళే చూశారా?"

"ఇంట్లో నీకెప్పుడైనా... ఎవరో ఉన్నట్టు అనిపించిందా?"

తను దారం కొరుకుతూ నావైపు చూసింది. "అనిపిస్తుంది. ముఖ్యంగా రెండింటి నుంచి మూడింటి దాకా," అంది.

నా పై ప్రాణాలు పైనే పోయాయి. ఈ మనిషికి కూడా తెలిసిపోయింది. నేను తెచ్చిన పీడ నా పెళ్ళాన్ని కూడా పట్టుకుంది. చెబుదామంటే, "మళ్ళీ దొంగ ఆటేనా?" అంటుంది, ఆ తర్వాత ఏమీ అనదు. ఆ ఏమీ అనకపోవడాన్ని నేను ఒకసారి చూశాను. ఇంకోసారి చూడలేను.

ఉచితానందానికి ఫోన్ చేశాను. అంతా విని, "ఎక్కడ తెచ్చావు?" అన్నాడు.

"గ్రంథాలయంలో. సంతకం పెట్టి."

"అదే తప్పు. సంతకం పెట్టావంటే ఒప్పుకున్నట్టే. నా ఆటల్లో ఎప్పుడైనా దయ్యం వచ్చిందా?"

"వైరస్ వచ్చింది."

"వైరస్ వేరు," అని పెట్టేశాడు.

లాభం లేదని నిశ్శబ్దం గారి దగ్గరికి వెళ్ళాను. "అమ్మా, ముందు తీసుకెళ్ళినవాళ్ళు ఎవరైనా లోపలే ఉండిపోయారా?"

ఆవిడ వేలు పెదవుల మీద పెట్టుకునే, "అన్నీ చెరిపేసే ఇస్తాం. ఇప్పుడు లోపల మీ ఇంటివాళ్ళు తప్ప ఎవరూ లేరు," అంది. నేను గుమ్మం దాటబోతుంటే వెనకనుంచి, "కార్డు ఎవరిదో వాళ్ళకి అన్నీ తెలుస్తూనే ఉంటాయి," అని గుసగుస వినపడింది. శాపనార్థంలా ఉంది ఆ మాట.

రెండు వారాలు పెట్టె జోలికి పోలేదు. ఇరవయ్యో రోజున, మర్నాడు తిరిగిచ్చేయాలి కదా, ఇచ్చేముందు ఆ దయ్యానికి నచ్చజెప్పి లోపలే ఉంచేద్దామని బయల్దేరాను. రెండింటికి మా ఆవిడ చెప్పుల చప్పుడు మెట్లు దిగింది. నేను డబ్బా తగిలించుకున్నాను.

గది మధ్యలో కుర్చీ అలాగే ఉంది. గోడ మాత్రం అలా లేదు.

గోడ నిండా ఒక తీగ వెలుగుతోంది. ఐదు రేకుల పువ్వులు, సన్నని ఆకులు, ప్రతి మూడో ఆకూ వెనక్కి తిరిగి. నాకు ఆ తీగ తెలుసు. అది ఎర్రబడిన కంప్యూటర్లో పోయింది. ఈ భూమ్మీద దాన్ని ఎరిగినవాళ్ళు ఇద్దరే, నేనూ మా ఆవిడా. మూడోది ఆ చచ్చిపోయిన కంప్యూటరు.

పక్క గోడకి తిరిగాను. అక్కడ చేపల అంచు. ఆ పక్కన గొలుసుకట్టు ముగ్గుల్లాంటి చుక్కల వరస. పోయినవన్నీ అక్కడే ఉన్నాయి. నేను చంపినవన్నీ నాకోసం ఆ ఇంట్లో కాచుకుని ఉన్నాయి. "తప్పయిపోయింది," అన్నాను ఆ గోడతో. నిజంగానే కళ్ళనీళ్ళు వచ్చాయి, డబ్బా లోపల అద్దాలు మసకబారాయి.

అప్పుడు నా భుజం మీద చెయ్యి పడింది.

ఆ ఆటలో భుజం మీద చెయ్యి వేసేవాళ్ళు ఎవరూ లేరు. అది నాకు బాగా తెలుసు. నేను పెట్టిన కేకకు మా కింది వాటావాళ్ళు బయటికి వచ్చారట. వెనక్కి దూకాను, పెట్టె కాలికి తగిలింది, పట్టుకుందామని అలమార లాగాను. డబ్బాలు, దుప్పట్లు, పాత కప్పుల అట్టపెట్టె అన్నీ నా నెత్తిన పడ్డాయి.

"దెబ్బ తగిలిందా?" అంది దయ్యం, మా ఆవిడ గొంతుతో.

దుప్పట్లలోంచి తల బయటపెట్టి, డబ్బా పీకేసి అంతా చెప్పేశాను. మంచుకొండ, కళ్ళ చీటీ, గ్రంథాలయం, కార్డు. "దొంగది కాదు, ఒట్టు! రసీదు ఉంది!" అని చొక్కా జేబులోంచి తీసి చూపించాను.

తను రసీదు చూడలేదు. తన ఫోన్ నా మొహం ముందు పెట్టింది. తొలిరోజు నుంచీ గ్రంథాలయం వాళ్ళు పంపిన సందేశాలు. మీ కార్డు మీద ఫలానా వస్తువు తీసుకున్నారు. ఇంకా పది రోజులుంది. రేపటితో గడువు ఆఖరు.

"నా కార్డు మీద తెస్తే నాకు తెలియదా?" అంది.

"మరి... అడగలేదేం?"

"మీరే చెబుతారని చూశాను. ఇరవై రోజులు చూశాను." తను ఫోన్ దించింది. "దొంగది కాదని మొదటిరోజే చూసుకున్నాను. మీరు దుకాణానికి వెళ్ళాక, అదేంటో చూద్దామని పెట్టుకున్నాను. ఇల్లంతా మీరు ఆడినట్టే ఉంది. సర్దాను. గోడ ఖాళీగా కనిపించింది. ఏం గీయాలా అని కుర్చీ దానికేసి తిప్పుకుని కొన్నాళ్ళు చూశాను. కాగితం మీద రాలేదండీ అవి. గోడంత పెద్దగా, నిలబడి గీస్తే చేతికి గుర్తొచ్చాయి. ఫొటోలు తీసి కొత్త కంప్యూటర్లోకి కూడా ఎక్కించాను. పదమూడు వచ్చాయి."

"పద్నాలుగోది?"

"రాలేదు. రేపు ఇచ్చెయ్యాలి. మన వెనక నలభై మంది వరసలో ఉన్నారట."

ఆ ఒక్కటీ గీసి చూద్దామనే కాబోలు ఇవాళ మెట్లు దిగి మళ్ళీ ఎక్కింది. నేను మొహం తుడుచుకుందామని జేబురుమాలు తీశాను. తను నా మణికట్టు పట్టేసుకుంది.

ఆ రుమాలు మూలన, వెలిసిపోయిన దారంతో, ఒక గవ్వల వరస. ఎప్పుడో మిషను సరిచూడటానికి కుట్టి నా మీద పారేసింది. అదే పద్నాలుగోది. తన మొహం ఒక్కసారిగా వెలిగింది. మరుక్షణం రుమాలు విప్పి చూసింది. నడుమ పెద్ద చిల్లు.

"దీంతో ఏం తుడుస్తున్నారు?"

"అద్దాలు," అన్నాను, తేలు కుట్టిన దొంగలా.

"రోజూనా?"

జవాబు కోసం ఆగకుండా తను డబ్బా తలకు తగిలించుకుని, పట్టీ బిగించుకుని, "చదవండి," అంది. నేను రుమాలు కళ్ళకు దగ్గరగా పెట్టుకుని, దుకాణంలో నా ముందు కూర్చుని అక్షరాలు చదివే ముసలివాళ్ళలా, ఒక్కో గవ్వా చదివాను. మొదటిది నిలువు. రెండోది పడుకుంది. మూడోది చిన్నది. తన చెయ్యి గాలిలో మెల్లగా కదులుతూ ఉంది. ఖాళీ గదిలో కనిపించని గోడ మీద కనిపించని గవ్వలు గీస్తున్న మనిషిని చూస్తుంటే నాకు మళ్ళీ ఒళ్ళు జలదరించింది. కాని ఈసారి సంతోషం కూడా వేసింది.

"మీ కార్డు కూడా విడిపించాను. ఆ పుస్తకం ఇచ్చేశాను," అంది గీస్తూనే. "మీ పేరు వరసలో రాయించాను. నలభై ఒకటో వంతు మీది."

"మరి బల్ల ఊగదూ?"

"మా బావగారి పెన్‌డ్రైవ్ పెట్టాను. సరిగ్గా సరిపోయింది."

నేను కింద పడ్డ పాత కప్పులు ఏరి, చప్పుడు కాకుండా అలమారలో బోర్లించడం మొదలుపెట్టాను. తను నాకు వీపు పెట్టి నిలబడి ఉంది. కళ్ళ మీద డబ్బా ఉంది.

"పిడులు ఎడమవైపుకి," అంది.

నేను అన్నిటినీ తిప్పాను.