కదలని బస్సు నంబర్ నాలుగు

ఫిబ్రవరిలో ఒక సాయంత్రం వెస్ట్‌ఫాల్ బడి వ్యాయామశాలలో, బాస్కెట్‌బాల్ బుట్ట కింద నిలబడి, సూపరింటెండెంట్ డాక్టర్ థర్మన్ పెల్ గారు చరిత్రాత్మక ప్రకటన చేశారు.

"ఈ బడి మూతపడుతోందని కొందరు దుష్ప్రచారం చేస్తున్నారు. పచ్చి అబద్ధం! మనం మూసేయడం లేదు, విస్తరిస్తున్నాం. వెస్ట్‌ఫాల్, టర్లింగ్ విద్యా జిల్లాలు ఒక్కటవుతున్నాయి. రెండు బళ్ల చోట ఒకే బడి వస్తుంది. అంటే ప్రతి పిల్లకీ ఇప్పుడున్న బడికి రెట్టింపు బడి!"

జనం చప్పట్లు కొట్టారు. రెట్టింపు ఎలా అయిందో వాళ్లు లెక్కగట్టేలోపు ఆయన కాఫీ తాగి కారెక్కేశారు.

ఒడెలియా ష్రేడర్ తలుపు దగ్గర నిలబడి అంతా వింది. ఆమె ఇరవై ఆరేళ్లుగా ఆ బడికి నాలుగో నంబరు పసుపు బస్సు నడుపుతోంది. ఇప్పటి పిల్లల తల్లిదండ్రుల్లో సగం మంది ఒకప్పుడు ఆమె వెనక సీట్లలో జుట్లు పీక్కున్నవాళ్లే. వెస్ట్‌ఫాల్‌లో నలభై ఒక్క మంది పిల్లలు. అమెరికాలోని నెబ్రాస్కా రాష్ట్రంలో ఆ మూల ఒక పొలం గేటు నుంచి ఇంకో గేటు కనిపించదు. అందుకే ఆమెకు ఒకటే సందేహం. ఆ ఒక్క బడీ ఎక్కడుంటుంది?

దాని మీద ఉమ్మడి కమిటీ వేశారు.

"మా ఊళ్లోనే ఉండాలి," అన్నాడు వెస్ట్‌ఫాల్ విద్యా బోర్డు అధ్యక్షుడు వెండెల్ క్రౌస్. "మీ పిల్లలు రావచ్చు. మేమేం వద్దనం."

"మీ ఊరికా?" టర్లింగ్ అధ్యక్షురాలు గెర్డా ట్వెట్ లేచి నిలబడింది. "ఫుట్‌బాల్ ఆటలో మావాడి కాలు విరగ్గొట్టిన ఊరికా?"

"నలభై ఏళ్ల నాటి మాట! ఆ కాలు మీ ఆయనదేగా. ఇప్పుడు సుబ్బరంగా నడుస్తున్నాడుగా."

"వాన పడితే కుంటుతాడు."

ఇలా లోతైన చర్చలు జరిగాయి. బడికి చిహ్నంగా ఏ జంతువు ఉండాలన్న దాని మీదే నెలన్నర పట్టింది. ఒక ఊరిది నేల తవ్వే పొట్టికాళ్ల బ్యాడ్జర్, ఇంకో ఊరిది కొంగ. చివరికి బ్యాడ్జర్ ఒళ్లూ కొంగ కాళ్లూ ఉన్న జంతువును ఏకగ్రీవంగా ఆమోదించారు. బొమ్మ చూసి చిన్నపిల్లలు ఏడిస్తే, కొత్తదనానికి అలవాటు పడాలని పెల్ గారు ఓదార్చారు.

స్థలం విషయంలో ఆయన న్యాయబుద్ధి మరింత వెలిగింది. సర్వేయర్లను పిలిపించి, రెండు ఊళ్లకూ సరిగ్గా నడిమధ్య ఒక మొక్కజొన్న చేలో మేకు కొట్టించారు. చుట్టుపక్కల ఇల్లు లేదు, దుకాణం లేదు, నీళ్ల కుళాయి లేదు. ఎదుటి ఊరికి కూడా అది దూరమేనని తేలాక రెండు ఊళ్లూ తృప్తి పడ్డాయి. "ఐక్య పాఠశాల: భవిష్యత్తు ఇక్కడే" అని పెద్ద బోర్డు లేచింది. భవనం రెండో దశలో వస్తుందన్నారు.

జూన్‌లో ఒడెలియా ఖాళీ బస్సు తీసి, ప్రతి పొలం గేటు దగ్గరా ఒక పిల్ల మెట్లెక్కి కూర్చునేంతసేపు ఆగుతూ, ఆ బోర్డు దాకా నడిపి చూసింది. తర్వాత విద్యా బోర్డు సమావేశానికి వెళ్లింది. ప్రజలు మాట్లాడడానికి తలా మూడు నిమిషాలు ఇస్తారు.

"వెళ్లడానికే గంటా యాభై రెండు నిమిషాలు పడుతోంది డాక్టర్ గారూ. ఐదేళ్ల పిల్లలున్నారు."

పెల్ గారు కళ్లజోడు తీశారు. "ఇంకోసారి చెప్పండి?"

"గంటా యాభై రెండు."

"రావడానికి కూడా అంతేనా?"

"అంతే మరి."

ఆయన కాగితం మీద కూడుకున్నారు. మొహం వెలిగిపోయింది. "మూడు గంటల నలభై నాలుగు నిమిషాలు! పెద్దలారా, ఒడెలియా గారు మనకు మహోపకారం చేశారు. టీచర్ని కూడా బస్సెక్కిస్తే ఇదంతా బోధనా సమయమే! భోజనం, ఆటలు, హాజరు కలుపుకుంటే చట్టం అడిగిన గంటలు నిండిపోతాయి. ఇక భవనానికి తొందరేముంది?"

"నేను చెప్పింది అది కాదండీ..."

గంట మోగింది. ఆమె మూడు నిమిషాలూ అయిపోయాయి. అందులో రెండున్నర నిమిషాలు పెల్ గారే మాట్లాడారు.

సెప్టెంబరులో ఐక్య పాఠశాల బయల్దేరింది, ఊరికో బస్సు, బస్సుకో టీచరు. ఒడెలియా బస్సులో టీచరు ఇమోజిన్ వాసెక్ డ్రైవరు సీటు వెనక ఒక చేత్తో కడ్డీ, ఒక చేత్తో మైకు పట్టుకుని పాఠం చెప్పేది. తారు రోడ్డు మీద రాత, కంకర రోడ్డు మీద పాటలు. చేను దగ్గర పిల్లలు దిగి, బోర్డు ముందు జెండాకు వందనం చేసి, చల్లారిన చిల్లీ బీన్స్ కూర, సినమన్ రోల్ అనే తీపి రొట్టె తిని, మళ్లీ బస్సెక్కేవారు.

మూడో వారంలో టిల్డా మాస్ అనే ఐదేళ్ల పిల్ల వరసగా నాలుగు రోజులు వాంతి చేసుకుంది. ఐదో రోజు గేటు దగ్గర ఖాళీ ఐస్‌క్రీం బకెట్ పట్టుకుని నిలబడింది.

"ఇదేంటమ్మా?" అంది ఒడెలియా.

"ఇది నాకే ఆంటీ. నీ బస్సు పాడవకుండా."

ఒడెలియా బకెట్ అందుకుని ఆ పిల్లను ముందు సీట్లో కూర్చోబెట్టింది. పిల్లలందరూ ఎక్కాక కూడలిలో చేను వైపు తిప్పలేదు. తిన్నగా పాత బడికి పోనిచ్చింది. ముందు తలుపులకు గొలుసు వేసి ఉంది. కానీ వంటగది తలుపు భుజంతో ఒక్క తోపు తోస్తే తెరుచుకుంటుందని ఊళ్లో తెలియనివాళ్లు లేరు, తాళం వేసినవాళ్లు తప్ప.

"మనల్ని జైల్లో పెడతారేమో ఒడెలియా," అంది ఇమోజిన్.

"నువ్వు బస్సులో పాఠం చెప్తున్నావు. బస్సు కాసేపు ఆగింది. అంతే."

ఇమోజిన్ సుద్దముక్క తీసుకుని నల్లబల్ల మీద ఒక గీత గీసింది. గీత తిన్నగా వచ్చింది. ఆమె దాని కింద ఇంకోటి గీసింది.

సోమవారమూ బస్సు అక్కడే ఆగింది. వారం తిరక్కుండా టర్లింగ్ బస్సు కూడా తన పాత బడి దగ్గర ఆగడం మొదలుపెట్టింది.

జనవరిలో పెల్ గారు ఒడెలియాను ఆఫీసుకు పిలిపించారు.

"మీ బస్సు రోజుకు ఆరు గంటలు ఒకేచోట ఆగి ఉంటోందని బస్సులో పెట్టిన జీపీఎస్ యంత్రం చూపిస్తోంది. పిల్లలేం చేస్తున్నారు?"

"చదువుకుంటున్నారండీ."

"ఎక్కడ?"

"బడిలో."

"ఏ బడి? ఆ బడి లేదు. నేనే మూయించాను... విస్తరించాను."

"లేని బడిలోనే చదువుకుంటున్నారు సార్. వాళ్ల నాన్నలు బాయిలరు బాగుచేశారు. వెచ్చగానే ఉంది."

"మీ ఉద్యోగం పోతుంది, తెలుసా?"

ఒడెలియా చేతులు కోటు జేబుల్లోకి దోపుకుంది. "తెలుసు. రేపు కూడా అక్కడే ఆపుతాను."

అప్పుడే గుమస్తా వచ్చి ఒక కాగితం బల్ల మీద పెట్టి వెళ్లింది. రాష్ట్ర పఠన పరీక్షల ఫలితాలు. ఐక్య పాఠశాల కౌంటీలో మొదటి స్థానం. పెల్ గారు దాన్ని రెండుసార్లు చదివారు.

"ఒడెలియా గారూ, బస్సు ఆపమన్న ఆలోచన నాదేనని మీకు గుర్తుందా?"

"లేదు సార్."

"గుర్తు తెచ్చుకోండి."

మరుసటి వారమే "స్థిర బస్సు విద్యావిధానం" వెలువడింది. మూసిన బడిని మళ్లీ తెరవడానికి చట్టం ఒప్పుకోదు. బస్సును ఎక్కడైనా ఆపుకోవడానికి ఒప్పుకుంటుంది. అందువల్ల పెల్ గారు ఆ ఇటుక భవనాన్ని నాలుగో నంబరు బస్సులో భాగంగా నమోదు చేయించారు. మూడు రాష్ట్రాల నుంచి ప్రతినిధి బృందాలు వచ్చి, గది మధ్యలో నిలబడి, కుదుపుల్లేవని మెచ్చుకుని వెళ్లాయి. పెల్ గారికి రాజధానిలో ఇంకా పెద్ద కుర్చీ దొరికింది.

ఏప్రిల్‌లో రవాణా శాఖ తనిఖీ అధికారి ఆర్లో ఫింక్ వచ్చాడు. మంచి మనిషి, పనిమంతుడు. భవనం చుట్టూ ఒకసారి తిరిగాడు. వంగి పునాది చూశాడు. తనిఖీ ఫారం మీద టైర్ల గడిలో "అరుగుదల లేదు" అని రాశాడు. ప్రమాదాలు, లేవు. అతివేగం, లేదు. తర్వాత లోపలికొచ్చి తలుపు దగ్గర ఒడెలియా పక్కన నిలబడ్డాడు. ఇమోజిన్ ఒకటో తరగతి పిల్లల చేత చదివిస్తోంది. టిల్డా లేచి నిలబడి, వేలు పెట్టుకుంటూ, ఒక వాక్యం చివరిదాకా చదివింది.

ఫింక్ గొంతు తగ్గించాడు. "ఒక్క గడి మిగిలిపోయిందమ్మా. గమ్యం ఎక్కడ?"

ఒడెలియా టిల్డా వైపు చూసింది.

"రెండో తరగతి."

అతను స్పెల్లింగు చూసుకుంటూ రాసుకున్నాడు. ఆమె చేత సంతకం పెట్టించుకుని, వెళ్తూ వెళ్తూ బడి గోడకు ఒక స్టిక్కరు అంటించాడు. ఈ వాహనం రోడ్డు మీద తిరగడానికి ఏడాది పాటు అనుమతి.